ఫోనులో వినపడని వాయింపు

బెన్హర్ పదహారేళ్లలో మూడు రాక్ బ్యాండ్లలో బేస్ గిటారు వాయించాడు. ఆమదాలవలస చర్చిలో నేర్చి, విశాఖ మీదుగా బెంగళూరు చేరాడు. సినిమా పాటలు ముట్టని బ్యాండ్లవి. దిగులుగా, కోపంగా ఉండే సొంత పాటలే. మొదటిది గొడవపడి విడిపోయింది. రెండోది అందరికీ పెళ్లిళ్లయి విడిపోయింది. మూడోదానికి పేరొచ్చింది. పేరొచ్చాక పాటగాడు సత్యరాజు మెసేజ్ పెట్టాడు: "కొన్నాళ్లు వేరే మనిషితో చూద్దామనుకుంటన్నాం బావా." మిగతాదంతా ఎలాగో మింగాడుగానీ, ఆ 'బావా' అన్న పిలుపు గొంతులో ముల్లయింది.

ఊరొచ్చి, సౌండు బాక్సులు అద్దెకిచ్చే కూర్మయ్య దగ్గర పనికి కుదిరాడు. తల్లి ఎలీసమ్మ అతని పాటలు ఫోనులో పెట్టించుకునేది.

"ఇందులో నీ వాయింపు ఏదిరా? నాకేటీ ఇనిపించదు."

"నాది అడుగున మోగే సొరమమ్మా. సిన్న ఫోనులో రాదు."

రెండేళ్ల కిందట ఆమె పోయింది. ఆ మాట అడిగే మనిషీ లేకుండా పోయింది.

మొన్న ఫిబ్రవరిలో విజయనగరం కాలేజీ ఒకదాంట్లో మధ్యాహ్నం ప్రోగ్రాం. వ్యాన్లోంచి బాక్సులు దింపుతుంటే గోడ మీద తన పాత బ్యాండు పోస్టరు కనపడింది. వెళ్లిపోదామనుకున్నాడు. వైర్లు కలిపేవాడు తనొక్కడే. ఉండిపోయాడు.

సత్యరాజు చూసి కావలించుకున్నాడు. "ఏరా బావా, ఇక్కడేటి! అయ్యాక మాట్లాడుకుందాం. నా గొంతు కొంచెం పెంచు."

బేస్ వాయించేది యమున అనే పాతికేళ్ల పిల్ల. ఐదో పాటలో బెన్హర్ చెయ్యి సౌండు మిక్సర్ మీద ఆగిపోయింది. తను బ్యాండులో ఉండగా ఆ పాట రికార్డు చేసిన రోజున అక్కడ అతని వేలు జారి పక్క తీగె మీద పడింది. టైము లేక అలాగే వదిలేశారు. ఆ తప్పుని యమున తప్పకుండా వాయించింది.

అయ్యాక వైర్లు చుడుతూ అడిగాడు. "ఐదో పాట రెండో సరణంలో ఒక తప్పుంది కదమ్మా?"

"తెలుసండీ. సరిచేసి చూశాను. పాట చప్పగా అయిపోయింది. అసలు అది విన్నాకే బేస్ నేర్చుకున్నాను."

"ఏలు జారిపోనాది, అంతే."

యమున గిటారు సంచీ జిప్పు లాగడం ఆపి అతని మొహంలోకి చూసింది. "మీకెలా తెలుసు?"

పేరు నాలిక చివరిదాకా వచ్చింది. సత్యరాజు కారులోంచి హారన్ కొట్టాడు.

"బాక్సులు సూసుకునేవోణ్ణి. పాటలు ఇంటాను కదా," అన్నాడు బెన్హర్.

ఆమె వెనక్కి చూసుకుంటూ కారెక్కింది. సత్యరాజు కిటికీలోంచి చెయ్యి ఊపాడు. మాట్లాడుకుందామన్న సంగతి ఇద్దరూ ఎత్తలేదు.

తిరుగు దారిలో వ్యాను డ్రైవరు పక్కన సీటు ఖాళీగా ఉన్నా బెన్హర్ వెనకే, బాక్సుల మధ్య కూర్చున్నాడు. చిలకపాలెం దాటేసరికి పొద్దు గుంకుతోంది. మోకాలి మీద వేళ్లతో ఆ పాట వాయించుకున్నాడు. తప్పు పడాల్సిన చోటు వచ్చినప్పుడల్లా వేలు సరైన తీగె మీదకే పోతోంది. మళ్లీ మొదలుపెట్టాడు.