కాపలా రాయి

మా ఆయన మంగ్లుకి మీసాలు లేవు. ముప్పై ఏళ్ళొచ్చినా పై పెదవి మీద నాలుగు వెంట్రుకలే మొలిచేవి, వాటినీ రోజూ గీసేసుకునేవాడు. అలాంటి మనిషికి మండల కేంద్రంలో సిమెంటు బొమ్మ చేయించి, చెవుల దాకా మీసాలు తిప్పారు. ప్రారంభోత్సవానికి నన్ను పిలిచి, బంతిపూల దండ చేతికిచ్చి, "వెయ్యమ్మా" అన్నారు. "ఎవరికండీ?" అన్నాను. మైకు పట్టుకున్నాయన నవ్వాలో వద్దో తెలియక దగ్గాడు. దండ వేశాననుకోండి. ఆ మీసాలాయన కూడా ఎవరో ఒక తల్లి కన్న జవానే అయ్యుంటాడు.

నా నోటి సంగతి చుట్టుపక్కల ఊళ్ళన్నింటికీ తెలుసు. పేరు నీలవేణి, ఆశ్రమ పాఠశాలలో టీచర్ని. పిల్లల మీద అరవగా మిగిలిన గొంతంతా పన్నెండేళ్ళు ఒక్క పని మీదే ఖర్చు పెట్టాను. నాకు కావలసింది బొమ్మ కాదు. మా ఊరి పెద్దల రాళ్ళ వరసలో నా మొగుడికి ఒక రాయి కావాలి.

అరకు స్టేషన్లో దిగి రెండు గంటలు కొండెక్కితే మా ఊరు. ఊరి చివర గట్టు మీద నిలువు రాళ్ళ వరస ఉంటుంది. మాలో ఎవరైనా పోతే గెడ్డలోంచి, అంటే మా కొండవాగులోంచి, ఒక రాయి ఎంచి మోసుకొచ్చి ఆ వరసలో నిలబెడతాం. కొత్త సామలు ఇంటికొచ్చిన పండగనాడు ప్రతి రాయి ముందూ అడ్డాకులో అన్నం పెట్టి, పేరు పెట్టి పిలుస్తాం. వాళ్ళు తిన్నాకే మేం తింటాం. రాయి లేనివాళ్ళకు ఆకు లేదు, పిలుపూ లేదు. ఊరు పిలవని పేరు ఎన్నాళ్ళు నిలుస్తుంది చెప్పండి?

మంగ్లు 1994 వానాకాలంలో సోమాలియాలో చనిపోయాడు. ఆ దేశం ఎక్కడుందో అప్పటికి నాకూ తెలియదు, స్కూలు గోడ మీది మ్యాపులో వెతుక్కున్నాను. అక్కడ కరువు. పైగా వాళ్ళలో వాళ్ళకే యుద్ధం. ఐక్యరాజ్యసమితి తరఫున మన సైన్యంలోంచి కొందరు నీలం టోపీలు పెట్టుకుని వెళ్ళారు. వాళ్ళలో మావాడొకడు.

శవపెట్టె వెంట వచ్చినవాడు ఆల్విన్. అరకు మిషన్ కాంపౌండు కుర్రాడు, మంగ్లు దళంలోనే జవాను. వానలో నిలబడి నాకు అంతా చెప్పాడు.

"ఊళ్ళకు గింజలు తీసుకెళ్ళే లారీలు వదినా. ముందూ వెనకా మేం కాపలా. దారిలో కాల్పులు మొదలయ్యాయి. డ్రైవర్లు వెనక్కి తిప్పేస్తామన్నారు. మంగ్లన్న తిప్పనివ్వలేదు. బండి దిగి, రోడ్డు పక్కన బోర్లా పడుకుని, లారీలన్నీ దాటేదాకా కాలుస్తూనే ఉన్నాడు. ఒక్క మూట కూడా పోలేదు."

సైనికులు గాల్లోకి తుపాకులు పేల్చారు. జెండా మడత పెట్టి నా చేతిలో పెట్టారు. అంతవరకూ బాగానే ఉంది. తర్వాత మా ఊరి పెద్ద బుధు వచ్చాడు. పండగలకు రోజు చూసి చెప్పే దిశారీ కూడా ఆయనే. ఆయన మాట మీద దహనం ఊళ్ళో కాకుండా గెడ్డకు అవతల చేశారు.

"పులి పట్టినోడు, సెట్టు మీంచి పడ్డోడు, ఆయుధం తగిలి పోయినోడు, ఈల్లకి వరసలో సోటు లేదు కోడలా. నాను పెట్టిన కట్టు కాదు. తాతలు పెట్టినాది" అన్నాడు.

నేను అన్న మాటలు ఇక్కడ రాయను. నాకు ఎక్కువ మండింది మాత్రం మా అత్త ఈశ్వరమ్మ మీద. కన్నకొడుకు. ఊరికి అడ్డం పడి అరవాల్సిన మనిషి. ఆవిడ ఏడవలేదు, బుధుని ఒక్క మాట అనలేదు. చితి ఆరేదాకా చూసి, ఇంటికొచ్చి, దూడని కట్టేసి, పొయ్యి రాజేసింది. ఈవిడ గుండె గెడ్డలో రాయి లాంటిదనుకున్నాను. ఆ రోజు నుంచి ఆవిడతో అవసరానికి మించి మాట్లాడలేదు.

ఏడాది తిరిగింది. కొత్త పండగనాడు వరస ముందు నిలబడి ఒక్కో రాయినీ చూస్తుంటే ఒక సంగతి తట్టింది. ఏడో రాయి మా మామగారి పెదనాన్నది. ఆయన్ని ఎలుగుబంటి చంపిందని ఊరందరికీ తెలుసు. మరి ఆయన రాయి వరసలో ఎందుకుంది?

అందరి ముందూ బుధుని అడిగాను.

"అది కాపలా సావు" అన్నాడు. "పోడులో మంచె మీద కాపలా ఉండి, ఊరి గింజ కాసి పోయినాడు. ఆ సావుకి సోటుంది."

"మావాడు కాసినవి గింజలు కాకపోతే ఏటి మామా, గులకరాళ్ళా?"

జనం గొల్లుమన్నారు. బుధు నవ్వలేదు. ఆయన్ని ఎన్ని తిట్టినా ఒకటి ఒప్పుకోవాలి, మాట వింటే దాన్ని ఆలోచిస్తాడు. చుట్ట ఆరిపోయేదాకా ఆలోచించాడు.

"నిజమే, గింజలే" అన్నాడు చివరికి. "కానీ కాపలా సావుకి కట్టు ఏరే ఉంది. ఆడు కాసిన గింజ తిన్నోడు ఒకడు, సొంత ఇంటోడు కానోడు, రాయి మీద ముందు సెయ్యెయ్యాల. తిన్నాను, బతికాను అని సెప్పాల. ఆ పెద్దాయనకి ఊరంతా సెయ్యేసింది. మంగ్లు గింజ తిన్నోడ్ని తీసుకురా. రాయి నానే మోత్తాను."

కొండ మీది కోతిని తెమ్మంటే తెచ్చేదాన్ని, మా కొండ మీద కావలసినన్ని ఉన్నాయి. సోమాలియా మనిషిని ఎక్కణ్ణుంచి తేను?

అప్పుడు నేను తెలివనుకుని ఒక తెలివితక్కువ పని చేశాను. ఆల్విన్‌కి ఉత్తరం రాశాను. ఏడాది పాటు ఆ దేశంలో ఉన్నవాడు, ఆ గింజలు రెండు తినకుండా ఉంటాడా? సెలవుకి రాగానే ఊరికి లాక్కొచ్చాను. రాయి కూడా ఎంచి పెట్టాను, గెడ్డ మలుపులో, నిలువెత్తుది. ఊరంతా పోగయింది.

బుధు అడిగాడు: "ఆ మూటల్లోది తిన్నావా బాబూ?"

ఆల్విన్ కాళ్ళు దగ్గరికి చేర్చి నిటారుగా నిలబడ్డాడు. "లేదు తాతా. మా రేషన్ వేరే వచ్చేది. ఆ మూటలు మేం ముట్టకూడదు. ఒకసారి మూట చిరిగి గింజలు నేల మీద పడితే, మంగ్లన్న దోసిళ్ళతో ఎత్తి మళ్ళీ కుట్టించాడు. ఒక్క గింజ నోట్లో వేసుకోలేదు. మమ్మల్నీ వేసుకోనివ్వలేదు."

అందరూ లేచి వెళ్ళిపోయారు. కిందికి దిగే దారంతా ఆల్విన్‌ని తిట్టాను. "ఒక్క అబద్ధం ఆడితే మీ ఏసు నిన్ను ఏమైనా అనేవాడా?"

"మంగ్లన్న అనేవాడు వదినా" అన్నాడు.

కోపం తగ్గలేదు గానీ, ఆ చిరిగిన మూట సంగతి మాత్రం మనసులో దాచుకున్నాను. మా ఇంట్లో కూడా అంతే, చేట కింద రాలిన సామలు ఏరందే లేచేవాడు కాదు.

ఏళ్ళు గడిచాయి. ఎంచిన రాయి గెడ్డలోనే నాచు పట్టింది. మా అమ్మాయి మాధవి, తండ్రి పోయేనాటికి ఎనిమిదేళ్ళది, పెద్దదై విశాఖపట్నంలో కాలేజీలో చేరింది. 2006 వానల్లో ఒక మధ్యాహ్నం స్కూలు ఆఫీసుకి ఫోన్ చేసింది.

"అమ్మా, మా క్లాసులో వర్సమే అని ఒకబ్బాయి చేరాడు. సోమాలియా. నాన్న వాళ్ళు ఉన్న ఊరివైపే. చిన్నప్పుడు లారీల్లో వచ్చిన గింజలే తిని బతికామని చెప్పాడు. అడిగాను. వస్తానన్నాడు."

ఫోన్ పెట్టేసి ఏడో తరగతి గదిలోకి వెళ్ళి, ఏ పాఠం చెప్పాలో మర్చిపోయి, పిల్లలందరినీ ఆటలకి పంపేశాను. హెడ్మాస్టరు ఏటని అడిగితే "పండగ" అన్నాను.

కొత్త పండగకి ముందురోజు కిరండూల్ పాసింజర్ రైల్లో వచ్చి వాళ్ళిద్దరూ అరకులో దిగారు. వర్సమే తాటిచెట్టంత పొడుగు, మాట మెత్తన. మా పిల్లలు అతన్ని చూసి నోరెళ్ళబెట్టారు, అతను మా కొండల్ని చూసి నోరెళ్ళబెట్టాడు. పైకి ఎక్కుతూ నేను మాధవి చెవిలో ఊదుతూనే ఉన్నాను.

"నాన్న కాసిన లారీదే తిన్నానని చెప్పమను. ఒక్క మాట. ఏం పోతుంది?"

"అమ్మా, నాన్న రాయిని అబద్ధం మీద నిలబెడతావా?" అంది. తండ్రి పోలికే. నాకు ఒళ్ళు మండింది, లోపల ఎక్కడో బాగానూ అనిపించింది.

మర్నాడు పొద్దున్నే ఊరంతా గెడ్డ దగ్గర చేరింది. బుధుకి అప్పటికి చూపు మందగించింది. వర్సమే ముఖాన్ని దగ్గరికి లాక్కుని చూసి, అదే ప్రశ్న అడిగాడు. వర్సమే ఇంగ్లీషులో చెబుతుంటే మాధవి తెలుగులో చెప్పింది.

"అప్పుడు నాకు ఎనిమిదేళ్ళు. మా చెల్లి ఆకలితో చనిపోయింది. తర్వాత లారీలు వచ్చాయి. నీలం టోపీల వాళ్ళు ముందూ వెనకా ఉండేవారు. ఏ లారీకి ఎవరు కాపలా ఉన్నారో నాకు తెలియదు. వాళ్ళలో ఒక్కరి పేరు కూడా మాకు తెలియదు. ఈయన కాసిన గింజే తిన్నానని ప్రమాణం చేయలేను. కానీ తిన్నాను. బతికాను."

నా పని అయిపోయిందనుకున్నాను. పన్నెండేళ్ళ తర్వాత మళ్ళీ నిజం చెప్పేవాడే దొరికాడు నాకు. అక్కడే బండ మీద కూర్చుండిపోయాను.

బుధు వర్సమే ముఖం వదిలాడు. తర్వాత ఊరివాళ్ళ వైపు తిరిగాడు.

"మంచె మీద కూకున్నోడికి తెలుత్తాదేటి, ఏ గింజ ఎవుల నోట్లోకి ఎల్తాదో? సేనంతా కాత్తాడు. మరి తిన్నోడికి మాత్రం ఎలా తెలుత్తాది? ఈడు తెలీదని నిజం సెప్పినాడు. తిన్నానన్నాడు. ఎదురుగా నిలబడి ఉన్నాడు. ఇంకేటి కావాల? సెయ్యెయ్యమను."

వర్సమే మాధవితో ఏదో మెల్లగా అన్నాడు. తమ మతంలో రాళ్ళకు మొక్కరని, ఊరికి కోపం వస్తుందేమోనని భయపడ్డాడట.

"మొక్కమన్నదెవుడు?" అన్నాడు బుధు. "సెయ్యేసి, బుజం పట్టమను. బేగి, ఎండెక్కుతాది."

వర్సమే చొక్కా చేతులు మడిచి, నీళ్ళలోకి దిగి, నాచు పట్టిన ఆ రాయి మీద రెండు అరచేతులూ ఆనించాడు. కళ్ళు మూసుకుని తన భాషలో రెండు మాటలన్నాడు. తర్వాత మగవాళ్ళు రాయిని వెదురు బొంగులకు తీగతో కట్టి ఎత్తారు. ముందు బొంగు కింద వర్సమే. వెనక బొంగు కింద బుధు. డెబ్బై అయిదేళ్ళ ముసలాయన వద్దన్నా వినలేదు, గట్టు దాకా భుజం తియ్యలేదు. అంత పొడుగు మనిషీ ఇంత పొట్టి మనిషీ మోస్తుంటే రాయి వాలుగా ఊగింది. ఆడవాళ్ళం డప్పుల వెంట నడిచాం.

రాయి నిలబడింది. పదిహేడో రాయి. ఆకులు పరిచారు. బుధు మొదటి రాయి నుంచి ఒక్కో పేరూ పిలుస్తూ వచ్చాడు. ఎలుగుబంటి చంపిన పెదనాన్న పేరు అయింది. ఇంకా పేర్లు అయ్యాయి. చివరికి, "మంగ్లూ, కొత్త తినడానికి రారా" అని గట్టిగా పిలిచాడు.

ఏడుపొస్తుందనుకున్నాను. రాలేదు. ఒళ్ళంతా గర్వం. సముద్రాలకు అవతల, మనవాళ్ళెవరూ కాని వాళ్ళ గింజను కాసి నా మొగుడు చచ్చిపోయాడు, ఆ గింజ తిన్న చెయ్యి వచ్చి అతన్ని మా పెద్దల మధ్య నిలబెట్టింది. ఆ నిమిషంలో ఏ రాజు వచ్చి నా ముందు నిలబడినా తల వంచేదాన్ని కాదు.

భోజనాల దగ్గర మా అత్త వర్సమేని తన పక్కన కూర్చోబెట్టుకుంది. సామ అన్నం, కందిపప్పు తనే వడ్డించింది. అతను రెండో ముద్ద నోట్లో పెట్టుకున్నాక మాధవిని పిలిచి అడిగింది.

"ఆల్ల దేశంలో ఇప్పుడు పిల్లలు కడుపునిండా తింటన్నారా? అడుగు."

వర్సమే తల దించుకున్నాడు. కొన్నేళ్ళు తింటారు, కొన్నేళ్ళు లేదు, గొడవలు తగ్గలేదు, లారీలు ఇప్పటికీ దారిలో ఆగిపోతుంటాయి అన్నాడు.

మా అత్త విని, చేతిలో ముద్ద తిప్పుతూ, "అయితే కాపలాకి మల్లీ ఎవులో ఒకరు ఎల్లాల" అంది.

"అత్తా, కొడుకుని పోగొట్టుకున్నదానివి, నువ్వేనా ఆ మాటంటన్నావు?" అన్నాను.

ఆవిడ నా వైపు చూడలేదు. "నా సిన్నప్పుడు మూడేళ్ళు వానల్లేవు. మామిడి టెంకపిండి అంబలి తాగినాం. మా తమ్ముళ్ళిద్దరూ పోనారు. మా దగ్గరికి ఏ లారీ రాలేదు" అంది. "మంగ్లు సెలవుకొచ్చినప్పుడు నన్నడిగినాడు. అమ్మా, ఆకలి దేశానికి ఎల్లడానికి పేర్లు ఇమ్మంటన్నారు, ఎల్లనా అని. నీకు సెప్పొద్దన్నాడు, నువ్వు ఆపేత్తావని. నానే ఎల్లమన్నాను. ఎల్లమన్న నోటితో ఏటని ఏడవను నీలేనీ?"

పన్నెండేళ్ళు ఒకే ఇంట్లో, ఒకే పొయ్యి దగ్గర. నేను అరిచిన అరుపులన్నీ ఆవిడ వింటూనే ఉంది. మైకుల ముందూ ఊరి ముందూ నా నోరు ఎప్పుడూ తడబడలేదు. ఆ రోజు మాత్రం గరిటె తీసుకుని, ఆవిడ ఆకులో ఇంకొంచెం అన్నం పెట్టాను. చాలు అనలేదు, తింది.