పండుకున్న బుద్ధుడు

తూంకుంట దాటాక కరీంనగర్ రోడ్డు పక్కన నాది బొమ్మల దుకాణం. వెనక షెడ్డులో అచ్చులు, ముందు రోడ్డుకు కనబడేలా సిమెంటు బుద్ధులు, ఫైబర్ బుద్ధులు. కొత్త లేఅవుట్లలో ఇల్లు కట్టుకున్న ప్రతివాడికీ ఒక బుద్ధుడు కావాలి. ఎందుకని నేనెప్పుడూ అడగలేదు. కొనేవాణ్ణి ఎందుకని అడిగే వ్యాపారి ఎక్కువ కాలం నిలవడు.

సన్నటి ముఖం, కొనదేలిన శిఖ ఉన్నది థాయ్‌లాండ్ బుద్ధుడు. రంగురంగులది టిబెట్ బుద్ధుడు. పొట్ట బయటపెట్టి నవ్వేది చైనాది. అన్నిటికంటే త్వరగా కదిలే సరుకు మాత్రం కుడి పక్కకు ఒరిగి, చెయ్యి తల కింద పెట్టుకుని పడుకున్న బుద్ధుడు. "పడకగదిలో పెట్టుకోండి, మంచి నిద్ర పడుతుంది" అని అమ్మేవాణ్ణి. నిద్ర పట్టలేదని ఎవరూ తిరిగి రాలేదు కనుక ఆ మాట చెల్లినట్టే లెక్క.

నా కూతురు అంకిత ఒప్పుకునేది కాదు. బొమ్మలకు కళ్లు దిద్దడం తన పని. డిగ్రీ చదువుతూ మచ్చ బొల్లారంలో ఆదివారం బుద్ధవందనానికి పోవడం మొదలుపెట్టింది. అంబేద్కర్ బాటలో బౌద్ధం తీసుకున్న కొద్దిమంది ఒక చిన్న గదిలో కూడేవారు.

"నాయినా, ఆయన నిద్ర పోతలేడు. సచ్చిపోతున్నడు. కుశీనగరంల రెండు సాలచెట్ల నడుమ ఆఖరుసారి ఒరిగిండు."

"సచ్చిపోయే బుద్ధుడంటే ఎవలు కొంటరే?"

"గందుకని అబద్ధమాడుతవా? పంచశీలల అదొకటి, అబద్ధమాడొద్దని."

"మరి గా నవ్వే బుద్ధుని సంగతేంది?"

"ఆయన బుద్ధుడే కాదు. చైనాల ఒక బిక్షువు."

"గట్లయితే సగం దుకాణం మూసుడే ఇగ."

తను పకపకా నవ్వింది. వీటిలో అసలు బౌద్ధం ఏదో చెప్పమన్నాను. "లంకోళ్లది ఒక తొవ్వ, టిబెట్టోళ్లది ఒక తొవ్వ, మాది ఒకటి. అన్నీ మారిపోయేటియే, గట్టిగ పట్టుకుంటే దుఃఖమే. గీ మాట కాడ మాత్రం ఎవలికీ కొట్లాట లేదు" అంది. ఆనందుడి కథ కూడా ఆ రోజే చెప్పింది. ఏళ్ల తరబడి బుద్ధుడి వెంటే ఉన్నవాడు, ఆఖరి రోజున తలుపు పట్టుకుని ఏడ్చాడట.

"ఆయన బొమ్మ జెయ్యి నాయినా, కళ్లు నేను దిద్దుత."

"ఏడ్చేటోని బొమ్మ ఎవలు కొంటరు బిడ్డా?"

మా అమ్మ పోయినప్పుడు పిట్టకు పెట్టాం. సమాధి దగ్గర ఆకులో చనిపోయినవాళ్లకు ఇష్టమైనవన్నీ పెడతారు. కాకి ముడితే వాళ్లు తిన్నట్టు. ముట్టకపోతే ఏదో కోరిక మిగిలిపోయినట్టు, అది తీరుస్తామని మాటిస్తే దిగుతుందంటారు. ఆ రోజు కాకి ఆలస్యం చేస్తే, అంకిత నా చెవిలో అంది.

"నాయినా, అచ్చుల నుంచి బొమ్మ ఎల్తది. అచ్చు పోయి బొమ్మల కూసుంటదా? మనిషి గూడ గంతే. ఎవలూ ఏడికీ పోరు. నాకైతే పిట్టకు పెట్టకుండ్రి. రానీకి నేను ఏడ ఉంట?"

వాళ్లమ్మ దుర్గాబాయి విని వీపు మీద ఒక్కటి వేసింది. "నోరు ముయ్యే, నీ నోట్ల మన్ను పడ!"

ఈ వానాకాలం అంకితకు డెంగీ వచ్చింది. జ్వరం తగ్గిందని సంబరపడ్డ రోజే బిడ్డను అంబులెన్సులో ఎక్కించాం. అదే అంబులెన్సులో వెనక్కి తెచ్చుకున్నాం.

పిట్టకు పెట్టాల్సిందేనని దుర్గ పట్టుబట్టింది. పిట్ట ముట్టేదాకా మంచినీళ్లు కూడా ముట్టనంది. పోయిన బిడ్డ మాట తప్పితే అడిగేవాళ్లు లేరు, బతికున్న దుర్గ మాట కాదంటే ఇంకో మనిషి దక్కదు. ఇదంతా నేను నమ్మనని అంటూనే, అలా లెక్క చూసుకుని సరేనన్నాను.

శామీర్‌పేట చెరువు అవతల సమాధి దగ్గర ఆకు వేశాం. సర్వపిండి, మిర్చి బజ్జీ, కోడికూర. ప్రహరీ మీద ఒక కాకి వాలింది. తల వంచి చూసింది. దిగలేదు.

"నీ కుంచెలు ఎవలకియ్యం బిడ్డా, రా" అన్నాడు నా బామ్మర్ది మొగులయ్య. కాకి కదలలేదు. అతను నా వైపు తిరిగాడు. "ఏంది బావా, దుకాణంల మాటలతోటి ఎంతమందిని ఒప్పిస్తవ్! గిప్పుడు నోరు తెరువరాదు?"

తెరిచాను. "ఇగ నిద్రపోయే బుద్ధుడని ఎవలకూ అమ్మను బిడ్డా. నీ మీద ఒట్టు."

కాకి ఎగిరిపోయింది. ఎండ ముదిరింది. కూరకు ఈగలు ముసిరాయి. చాలాసేపటికి దుర్గ లేచింది. ఏడుస్తుందనుకున్నాను. కొంగు సర్దుకుని, ఆకు ఎత్తి గోడ అవతలి కుక్కలకు వేసి, సీసా తీసి నీళ్లు తాగింది.

"రాదు. అది నాకు ఎన్నడన్న అబద్ధం జెప్పిందా? ఏడ ఉండనన్నది. ఉండదు. పాండ్రి ఇంటికి."

"ఇంకొంచెం సేపు జూద్దాం."

"గిదంత నమ్మనంటివి గదనయ్యా నువ్వు?"

"నమ్మను. కూసుందాం."

ఆకు కూడా లేని ఆ మట్టి దగ్గర నేను కూర్చుండిపోయాను. బిడ్డ మాట నిజమైతే తను ఎక్కడా లేదు. తప్పయితే ఎక్కడో ఒకచోట ఉన్నట్టు, ఒక్కసారైనా వచ్చి ముట్టొచ్చు. నా కూతురి మాట తప్పు కావాలని మొదటిసారి కోరుకున్నాను. కాకి మళ్లీ రాలేదు. మొగులయ్య నా చంకల కింద చేతులు వేసి లేపాడు.

దుకాణం తెరిచిన రోజే జాన్సన్ వచ్చాడు. విల్లాలకు లోపలి అలంకరణ చేసే మనిషి, నాకు పాత గిరాకీ.

"అన్నా, సంగతి ఇప్పుడే తెలిసింది. మా చర్చిల ప్రార్థన జేయిస్త." జేబులోంచి కొలతల చీటీ తీశాడు. "ఒక పడకగదికి నిద్రపోయే బుద్ధుడు కావాలన్నరు. మళ్ల రమ్మంటవా?"

"అది నిద్ర కాదు జాన్సన్. సచ్చిపోతున్నడు."

అతను బొమ్మ వైపు, నా వైపు చూశాడు. "గిట్ల జెప్తే ఎవలు దీస్కపోతరన్నా?"

"తీస్కపోకు."

"ఒక్కడే ఉన్నడా పాపం? పక్కకు ఎవలూ లేరా?"

"ఒకాయన ఉండె. ఏడుస్తుండె. ఆయన బొమ్మ జెయ్యమని బిడ్డ అడిగింది. ఎవలు కొంటరన్న..."

జాన్సన్ వచ్చి, షెడ్డు తలుపును పట్టుకున్న నా చేతిని మెల్లగా విడిపించి, నన్ను కుర్చీలో కూర్చోబెట్టాడు.