అక్కడ ఆగొద్దు

"గట్టిగా చదువు. వెనక వరసకి కూడా వినపడాలి" అన్నారు మా ఆయన. గోంగూర ఉడుకుతున్న గిన్నె మీద మూత సర్ది, తడిచేతులు కొంగుకి తుడుచుకుని, కాగితం మళ్లీ మొదటినుంచి అందుకున్నాను. పెళ్లయిన ఇన్నేళ్లలో ఆయన వంటింట్లో పీట వేసుకుని కూర్చోగా నేను చూడలేదు. ఈ వారం మాత్రం పొద్దున్నే వచ్చి కూర్చుంటున్నారు. నేను తడబడితే ఓపిగ్గా దిద్దుతున్నారు. కూరలో ఉప్పు తగ్గినప్పుడు ఈ ఓపిక ఎక్కడికి పోతుందో నాకు తెలియదు.

మా ఊరికి నేను ప్రెసిడెంటుని. ఈ మాట చెప్పుకుంటే నాకే కొత్తగా ఉంటుంది. సీటు ఆడవాళ్లకి రిజర్వయిందని తెలిసిన రోజు మా ఆయన కోటేష్ గారు అన్నం సరిగ్గా తినలేదు. మర్నాడు లేచి నా పాస్‌పోర్టు సైజు ఫొటో అడిగారు. పోస్టర్లలో నా మొహం పక్కన ఆయన మొహం, నాకన్నా పెద్దది. ప్రమాణం నేను చేశాను, దండలు ఆయన మెడలో పడ్డాయి. ఆ రోజు నుంచి ఊరంతా ఆయన్నే ప్రెసిడెంటు గారంటారు. గుమ్మంలో ఎవరైనా "ప్రెసిడెంటు గారున్నారా?" అని కేకేస్తే నేను వంటింట్లోంచి వచ్చి, లేరండీ, పొలం వెళ్లారు అని చెప్తాను. మొదట్లో అలా చెప్పినప్పుడు నవ్వొచ్చేది. ఇప్పుడు రావడం లేదు.

మా పడగ్గది తలుపు వెనక మేకుకి ఒక ఆకుపచ్చ పట్టుచీర ఎప్పుడూ వేలాడుతూ ఉంటుంది. దాన్ని మా ఇంట్లో ఫొటో చీర అంటారు. గ్రామసభ మా ఆయన నడుపుతారు. మాటలన్నీ అయిపోయాక నాకు కబురొస్తుంది. పొయ్యి కట్టేసి, చీర మార్చుకుని, పరుగున వెళ్లి ఆయన లేచిన కుర్చీలో కూర్చుంటాను. కుర్చీ ఇంకా వెచ్చగా ఉంటుంది. పంచాయతీ సెక్రటరీ ప్రసన్నకుమార్ ఫోన్లో ఫొటో తీసి "అయిపోయిందండి మేడమ్" అంటాడు. నేను మళ్లీ పొయ్యి దగ్గరికి వచ్చేస్తాను. ఒకసారి చేతికి శనగపిండి అంటుకునే ఉంది, ఫొటోలో అది కూడా పడింది. చట్టం నాకు కుర్చీ ఇచ్చింది. పొయ్యి దగ్గర్నుంచి నన్ను లేపే బాధ్యత మాత్రం ఎవరి మీదా పెట్టలేదు.

ఈసారి మండలం నుంచి కొత్త మాట వచ్చిందట. ఫొటో చాలదు, ప్రెసిడెంటు నోటితో తీర్మానం చదివి, సభని అడిగి, ఆమోదం చెప్పాలి. అదంతా వీడియో తీసి పంపాలి. ప్రసన్నకుమార్ తల గోక్కుంటూ ఈ సంగతి చెప్పినప్పుడు మా ఆయన కాసేపు చిరాకుపడి, ఆ తర్వాత దానికేముంది, నేర్పిస్తాను అన్నారు. అలా మొదలైంది నా చదువు.

దానికన్నా నాకు వింతగా ఉన్నది మా అత్తయ్య వెంకటరావమ్మ గారి సంగతి. ఈ ఇంట్లో అడుగుపెట్టిన నాటినుంచి ఆవిడ నాతో ఎక్కువసార్లు అన్న మాట, "అమ్మాయ్, నీ గొంతు వీధిలోకి వినపడతంది" అని. నేను నవ్వినా అదే మాట, పిల్లని కేకేసినా అదే మాట. అలా అణుచుకుని అణుచుకుని నా గొంతు పప్పుగుత్తి చప్పుడు కన్నా చిన్నదైపోయింది. ఇప్పుడావిడ వసారాలో మంచం మీద కూర్చుని, ఇంకాస్త గట్టిగా చదవమ్మాయ్, నాకే సరిగ్గా వినపళ్లా అంటోంది. ఎవరి పని కోసమో గొంతు పెంచమంటే పెరుగుతుందా? ఒళ్లు మండిపోయింది నాకు. అయినా పెంచాను.

చదవాల్సిన తీర్మానం పెద్దదేం కాదు. ఊరి చివర పంచాయతీ స్థలం ఉంది, అందరూ ఊరి కల్లం అంటారు. మిరపకోతల కాలంలో నేలంతా ఎర్రగా కాయలు ఆరబోసి ఉంటాయి, ఆ దారిన వెళితే ముక్కు మండుతుంది. ఆ స్థలాన్ని ఒక కోల్డ్ స్టోరేజీకి లీజుకివ్వాలని తీర్మానం. పేట టౌనుకి పోయే రోడ్డు పక్కనే కాబట్టి లారీలు తిరగడానికి బాగుంటుందట. అందులో మా ఆయనకి వాటా ఉంది. ఈ సంగతి ఎవరూ దాచలేదు. వసారాలో వాళ్లు మాట్లాడుకుంటుంటే టీలు ఇచ్చింది నేనే. నేను వింటున్నానని అక్కడ ఎవరికీ తట్టలేదు.

మాలాంటి వాళ్లకి సొంత కల్లాలున్నాయి. ఊరి కల్లం కావలసింది దేవకుమారి వాళ్లకి. చర్చి వీధి ఆడవాళ్లు కొందరు కలిసి రెండేళ్లుగా కొంచెం పొలం కౌలుకి తీసుకుని మిరప వేస్తున్నారు. పొద్దున మా చేలో కూలికొచ్చి, సాయంత్రం వాళ్ల చేనుకి పోతారు. కాయ ఆరబెట్టుకోవడానికి ఆ కల్లం తప్ప చోటు లేదు. అది పోతే ఆరని కాయని పచ్చిగానే దళారి చెప్పిన రేటుకి తెగనమ్ముకోవాలి. ఆ తర్వాత ఏడాది ఇక కౌలు మాటుండదు, మళ్లీ పూర్తిగా మా చేలోకే. మా వసారాలో ఒకాయన ఈ మాట పైకే అన్నాడు, కూలీల కొరత కూడా తీరుద్ది అని. అందరూ నవ్వారు. నేను ఖాళీ గ్లాసులు తీసుకుని లోపలికొచ్చాను.

మొన్న కోతలకి మజ్జిగ తీసుకెళ్లినప్పుడు దేవకుమారి నా కోసం గట్టు మీద ఆగి ఉంది. తలకి కట్టుకున్న గుడ్డ విప్పి మొహం తుడుచుకుంది.

"అమ్మగారూ, కల్లం పోద్దంట గదా" అంది.

నాకేం తెలుసు, ఆయన్నడుగు అన్నాను. నా నోటికి అలవాటైన జవాబు అదే.

"ఆయన్నడిగే వచ్చానమ్మా. నాదేముంది, ప్రెసిడెంటు మా ఆవిడ, ఆమెనడుగు అన్నారు."

ఇన్నాళ్లూ ప్రెసిడెంటు ఆయనే. అడ్డం వచ్చినప్పుడు మాత్రం నేను. దేవకుమారి నన్ను తప్పుపట్టినట్టు చూడలేదు, అదే నాకు కష్టంగా అనిపించింది. మీరే సభలో లేచి అడగొచ్చుగా అన్నాను. మేం లేస్తే రేపట్నించి మమ్మల్ని ఏ చేలోకీ కోతకి పిలవరమ్మా అంది. మా ఆయన సంగతి నాకన్నా తనకే బాగా తెలుసు. చూస్తాను అన్నాను. పని జరగదని చెప్పడానికి మా ఆయన వాడే మాట అది. తనకి అర్థమైంది. మజ్జిగ తాగి సాళ్లలోకి వెళ్లిపోయింది.

ఇంటికొచ్చి కాగితం చదువుతూ ఉంటే చివర్లో ఒక వాక్యం దగ్గర ఆగాను. "ఈ తీర్మానంపై ఎవరికైనా అభ్యంతరం ఉందా?" అని రాసి ఉంది. ఆ కిందనే "సభ ఏకగ్రీవంగా ఆమోదించినది" అని.

"అక్కడ ఆగొద్దు" అన్నారు మా ఆయన. "ఆ రెండూ కలిపి చదివెయ్. ఆగావంటే ఎవడో ఒకడు లేస్తాడు."

మరెందుకండీ అడగడం అన్నాను. రూలు, అడగాలి, అంతే అన్నారు.

ఆ రోజంతా ఆ వాక్యం నా వెంటే తిరిగింది. గిన్నెలు తోముతున్నా అదే, బట్టలు ఆరేస్తున్నా అదే. ఈ మాట నేనింతకుముందు విన్నాను. నా పెళ్లిచూపుల్లో పెద్దమనిషి ఒకాయన, అమ్మాయికేం అభ్యంతరం లేదుగా అని అడిగాడు, మా నాన్న వైపు చూస్తూ. నాన్న ఆగలేదు, అబ్బే అన్నాడు. నేను చేస్తున్న బడి ఉద్యోగం మాన్పించినప్పుడు ఆవిడకి ఇబ్బందేం లేదుగా అని హెడ్మాస్టరు మా ఆయన్నే అడిగాడు. ఆయనా ఆగలేదు. నా నామినేషనప్పుడూ అంతే. నా బతుకులో నన్ను అడగాల్సినవన్నీ అడిగారు, రూలు ప్రకారమే. జవాబుకి మాత్రం ఎవరూ ఆగలేదు.

అయితే ఆగితే ఏమవుతుందో కూడా నాకు తెలుసు. పదవి కొత్తలో ఒక సభలో ఫొటో తీయగానే లేవకుండా, చర్చి వీధిలో లైటు వెలగడం లేదుగా అన్నాను. మా ఆయన తిట్టలేదు. కొట్టనూ లేదు. మా ఆవిడ మీద చెయ్యెత్తి ఎరగను అని ఆయన నలుగురిలో గొప్పగానే చెప్పుకుంటారు. మాట్లాడటం మానేశారు, అంతే. నేను వడ్డిస్తే లేచిపోయేవారు. ఒకే గదిలో ఉన్నా నేనక్కడ ఉన్నట్టే చూసేవారు కాదు. మగాణ్ణి నలుగురిలో చిన్నబుచ్చితే ఇల్లు ఇల్లులా ఉంటదా అమ్మాయ్ అని అత్తయ్య రోజూ దెప్పేది. మా పిల్ల కూడా వాళ్ల నాన్న మొహం చూసి నా దగ్గరికి రావడం తగ్గించింది. గోడలు మీదికొస్తున్నట్టుండేది నాకు. చివరికి తప్పయిపోయిందండీ అన్నాను. వెలగని లైటుకి నేను క్షమాపణ చెప్పాను. మళ్లీ ఆ రోజులు రావాలంటే నాకు భయం. ఆ భయాన్ని ఎవరూ భయమనుకోరు, అణకువ అంటారు.

సభ రోజు రానే వచ్చింది. పంచాయతీ ఆఫీసు ముందు షామియానా వేశారు. కుర్చీల్లో మగవాళ్లు, చివర కింద పరిచిన పట్టా మీద చర్చి వీధి ఆడవాళ్లు. ఒక పూట కూలి వదులుకుని వచ్చారు, ఏమీ మాట్లాడకూడదని తెలిసీ వచ్చారు. దేవకుమారి తల వంచుకుని చేతివేళ్లు చూసుకుంటోంది. ఆ వేళ్లు కోతలకి కంది ఉంటాయి, నీళ్లు తగిలినా మండుతాయి. ఫొటో చీరలో నాకు చెమటలు పోస్తున్నాయి. ఈసారి కుర్చీ చల్లగా ఉంది, ఎవరూ కూర్చోలేదు.

ప్రసన్నకుమార్ ఫోను పట్టుకుని, మొదలెట్టండి మేడమ్ అన్నాడు. అతని వెనక మా ఆయన నిలబడి నాతో పాటు పెదవులు కదుపుతున్నారు. నేను చదివాను. సర్వే నంబరు దగ్గర తడబడలేదు, లీజు కాలం దగ్గర తడబడలేదు. ఆయన మొహం విప్పారింది. నిజంగానే మెచ్చుకున్నట్టు తలూపారు. ఇన్నేళ్లలో నన్ను చూసి ఆయన అలా తలూపడం అదే మొదలు, దానికి నా గుండె ఒక్క క్షణం కరిగింది కూడా. అందుకు నా మీద నాకే కోపమొచ్చింది.

"ఈ తీర్మానంపై ఎవరికైనా అభ్యంతరం ఉందా?" అని చదివాను.

ఆగాను.

మా ఆయన పెదవులు తర్వాతి వాక్యంలోకి వెళ్లిపోయి, నేను రాలేదని చూసుకుని వెనక్కి వచ్చాయి. కళ్లతో చదవమన్నారు. కుర్చీల్లో ఎవరో దగ్గారు. పట్టా మీద ఎవరూ లేవలేదు, లేవరని నాకు తెలుసు. దేవకుమారి మాత్రం తలెత్తి నా వైపు చూసింది. రేపటి వంటిల్లు, ముట్టని కంచం, పలకని మనిషి అన్నీ నా కళ్ల ముందే ఉన్నాయి. కాగితం మడిచి ఒళ్లో పెట్టుకున్నాను.

"నాకు ఉంది" అన్నాను.

గట్టిగానే అన్నాను. వెనక వరసకి కూడా వినపడింది.