బ్రాకెట్లో నవ్వులు

శాసనసభలో స్పీకర్ కుర్చీకి కింద పొడుగాటి బల్ల ఒకటి ఉంటుంది. ఇరవై మూడేళ్లుగా ఆ బల్ల దగ్గర కూర్చుని, సభ్యులు మాట్లాడే ప్రతి మాటా పొల్లుపోకుండా రాసుకోవడం నా ఉద్యోగం. పొల్లు మాటలు కూడా పొల్లుపోకుండానే రాస్తాను. పది నిమిషాలకొకరం చొప్పున మారి, రాసుకున్నది పక్క గదిలో టైపు చేస్తాం. అదే తర్వాత సభ పుస్తకంగా అచ్చవుతుంది. సభ నవ్వితే బ్రాకెట్లో 'నవ్వులు' అని వేస్తాం. ఏడిస్తే ఏం వేయాలో ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు.

మా దగ్గర జనం రెండు రకాలు. నదికి ఎగువనున్న వాళ్లు పైవాళ్లు, దిగువనున్న మేం కిందవాళ్లం. ఆనకట్టకి ఊళ్లిచ్చింది వాళ్లు, నీళ్లు పుచ్చుకున్నది మేము. ముఖ్యమంత్రి, నీటిపారుదల మంత్రి, గుమాస్తాలు, నేను, అందరం కిందవాళ్లమే. పేరుకే వాళ్లు పైవాళ్లు గాని, పైఅధికారులంతా కిందవాళ్లే. ఈ జోకు నాదే. ఆఫీసులో నన్ను 'చెణుకు' అంటారు. మా ఆవిడ మాత్రం, "నదికి కట్టారు గాని మీ నోటికి కట్టలేకపోయారు ఆనకట్ట" అంటుంది.

ఆ రోజు పైవాళ్లలోంచి కొత్తగా గెలిచిన సభ్యుడొకాయన మొదటిసారి మాట్లాడ్డానికి లేచారు. నిన్నమొన్నటిదాకా బడిపంతులు. చొక్కా జేబులో ఇంకా రెండు రంగుల పెన్నులున్నాయి.

"అధ్యక్షా, మా ఊళ్లో బావులు అడుగంటాయి. మా అన్నయ్య బావి లోతు చేద్దామని దిగాడు. గట్టు జారి మట్టి కింద పూడిపోయాడు."

అక్కడ ఆగిపోయారు. ముందున్న గ్లాసు ఎత్తి నీళ్లు తాగారు. పక్క సభ్యుడి గ్లాసు తీసుకుని అదీ తాగారు.

నా నోరు నా మాట వినదు. పక్కనున్న తోటి ఉద్యోగితో గొణిగాను: "ఈయన్ని ఆనకట్ట దగ్గరికి పోనివ్వకండి, ఒక్క గుక్కలో ఎండగట్టేస్తాడు."

మొదటి వరసలో నీటిపారుదల మంత్రిగారున్నారు. పైవాళ్ల అర్జీలు వినపడని ఆ చెవికి నా గొణుగుడు వినపడింది. లేచి, అదే మాటని 'గౌరవ సభ్యుడు' అనే గౌరవం తగిలించి, సొంత సొత్తులా చెప్పేశారు. సభ గొల్లుమంది. నాకూ నవ్వు ఆగక తల నోటుపుస్తకంలో దూర్చేశాను. పంతులుగారు కాసేపు నిలబడి చూసి కూర్చున్నారు. మిగిలిన మూడు నిమిషాలూ ఇంకొకరికి పోయాయి.

టైపు చేస్తుంటే మంత్రిగారి పీఏ ఫోను. "సారు ఏదో సరదాకి అన్నారు. పుస్తకంలో వస్తే బాగుండదు, తీసేయండి గురూగారూ."

స్పీకర్ చెప్పకుండా అక్షరం తీయకూడదని నియమం. మావాళ్ల ఫోనొస్తే తీసేయడం అలవాటు. అలవాటుగానే తీసేశాను. మంత్రిగారి మాట పోయింది. దాని వెనకున్న బ్రాకెట్ మాత్రం ఉండిపోయింది. నేను చూసుకోలేదు. తప్పులుంటే దిద్దమని కాగితం సభ్యుడికి వెళ్లిపోయింది.

మర్నాడు పొద్దున్నే ఆయన మా గదికి వచ్చారు.

"ఏవండీ, ఇది రాసింది మీరేనా?"

"నేనేనండి. ఏమైనా మాటలు పోయాయా?"

"పోలేదండి. ఒకటి ఎక్కువైంది." వేలు పెట్టి చూపించారు.

మట్టి కింద పూడిపోయాడు. (నవ్వులు)

"మా వదినకి చదువు రాదండి," అన్నారు. "పుస్తకం వచ్చాక పిల్లలు చదివి వినిపిస్తారు. వాళ్ల నాన్న సంగతి సభలో మాట్లాడానని ఇప్పటికే ఊరంతా చెప్పుకున్నారు. ఈ ఒక్కటీ తీయడం కుదురుతుందా?"

"స్పీకరుగారు తప్ప ఎవరూ తీయకూడదండి. నియమం."

ఆయన తలూపారు. కాగితం మళ్లీ చూశారు. "మరి మంత్రిగారి మాట స్పీకరుగారే తీయించారా?"

అందులో ఎత్తిపొడుపేమీ లేదు. లెక్క తప్పిన పిల్లాణ్ని పంతులు అడిగినట్టు అడిగారు. నీళ్లు లేనిది వాళ్ల ఊళ్లో, నీళ్లు నమిలింది నేను.

"ఫోనొచ్చిందండి."

"ఓహో. నా తరఫున ఫోను చేసేవాళ్లెవరూ లేరండి. అందుకే నేనే వచ్చాను."

కలం తీసి ఆ బ్రాకెట్ కొట్టేశాను. ఆయన రెండు చేతులూ జోడించారు. నా వయసువాడే.

"నిన్న అంతమందిలో మీరొక్కరే నవ్వలేదు. తల వంచుకుని రాసుకుంటున్నారు, చూశాను. ఆ ధైర్యంతోనే మీ దగ్గరికొచ్చాను," అన్నారు.

అప్పుడు చెప్పాల్సింది మూడు ముక్కలు: ఆ మాట నాదండి. నోరు తెరిచాను. "మంచినీళ్లు తాగుతారా?" అని వచ్చింది.

"వద్దండి," అని గబుక్కున వెనుదిరిగి వెళ్లిపోయారు.

కొట్టేసిన గీత వంక చూస్తూ కూర్చున్నాను. మంత్రిగారి మాట లేదు, నవ్వులు లేవు. నేను చేసిన దానికి ఆనవాలే లేదు. ఆయన పరువు కాపాడానని ఆయన అనుకుంటున్నారు.

నాలుగు రోజుల తర్వాత ఆయనకి మళ్లీ అవకాశం వచ్చింది. బంట్రోతు గ్లాసు పెడితే, దాన్ని చెయ్యందనంత దూరం జరిపి లేచారు. ఎనిమిది నిమిషాలు మాట్లాడారు. అయిదో నిమిషానికే గొంతు జీరపోయింది. ఆఖరికి ప్రభుత్వాన్ని ఏదో అడిగారు. రెండు బారల దూరంలో ఉన్న నాకే అందలేదు.

నా వంతయ్యాక వెతుక్కుంటూ వెళ్లాను. మెట్ల దగ్గర ఎవరూ లేకుండా చూసి, కుళాయికి దోసిలి పట్టి తాగుతున్నారు. నన్ను చూసి మూతి తుడుచుకున్నారు.

"ఆఖరి మాట అందలేదండి. చెబితే వేసుకుంటాను."

"ఏముందండీ, నీళ్ల గురించే. ఉండనీయండి," అన్నారు. నేను కదలకపోయేసరికి, "ఇంకేమైనా ఉందా?" అని ఆగారు.

"ఏం లేదండి," అన్నాను.

పుస్తకంలో ఆఖరి వాక్యం దగ్గర 'వినపడలేదు' అని ఉంది. బ్రాకెట్లోనే.

ఇంటికెళ్లి మా ఆవిడకి జరిగిందంతా చెప్పాను. తను ఎక్కడా నవ్వలేదు.

"ఆయనకి చెప్పారా?"

"లేదు."

కూర తరుగుతున్న కత్తిపీట పక్కకి పెట్టి నా మొహంలోకి చూసింది.

"అయితే కట్టారన్నమాట ఆనకట్ట," అంది.