బాతుల మందునీళ్ళ బేసిను

నేను ఒక సత్తు బేసిన్ని. బంగారమైతే నా కథ మీరే అడిగి చెప్పించుకునేవాళ్ళు. సత్తుని కాబట్టి నేనే చెప్పుకోవాలి. పాత చెంబులూ గిన్నెలూ కరిగించి నన్ను చేశారు. మొదట షామియానాల కొట్టు నుంచి పెళ్ళిళ్ళకి అద్దెకి తిరిగాను. నా నిండా సాంబారు పోసి, అందులో ముక్కల్లేవని వియ్యాలవారు కొట్టుకునేవాళ్ళు. అలాంటి ఒక గొడవలోనే ఎవరో తన్నితే సొట్టపడ్డాను. సొట్టబేసిన్ని శుభకార్యాలకి ఎవరు పిలుస్తారు? గిన్నెల బండివాడి పాలబడ్డాను. పోలమ్మ తన రాలిన జుట్టు ఏళ్ళ తరబడి ఉండచుట్టి దాచి, అదిచ్చి నన్ను తీసుకుంది.

పోలమ్మా, మొగుడు చెంచయ్యా బాతులోళ్ళు. కోతలైన వరిమళ్ళ వెంట మందని తోలుకుంటూ నెల్లూరు జిల్లా అంతా తిరుగుతారు. ఆ మంద తప్ప వాళ్ళకి ఇంకేం లేదు. ఆ ఏడు ఒక కాలవగట్టున దిగాక బాతులు చిక్కిపోయాయి, పారుకున్నాయి, నడవలేక కూలబడ్డాయి. దిష్టి తగిలిందని చెంచయ్య ఎండుమిరపకాయలు తిప్పి పొయ్యిలో వేశాడు. బాతుల సంగతేమో గానీ అతనికి మాత్రం దగ్గొచ్చింది. పోలమ్మ చచ్చిన బాతుని సంచిలో వేసుకుని పశువుల ఆస్పత్రికి పోయింది.

డాక్టరమ్మ బాతుని కోసి చూపించింది. పేగు నిండా పురుగులు. కాలవలోని నత్తల్ని తింటే వస్తాయంది. మందునీళ్ళు తాగించి, మంద చుట్టూ దడి కట్టి, తను చెప్పేదాకా దాటనివ్వద్దంది. వాటి రెట్ట నీళ్ళలో పడితే పురుగు నత్తలోకి పోతుంది, నత్త మళ్ళీ బాతు కడుపులోకే వస్తుంది.

మందు కలిపింది నాలోనే. దాహంతో ఎగబడి తాగాయి, నాలుగు రోజుల్లో లేచి నిలబడ్డాయి. లేచిన బాతుకి కావాల్సింది నీళ్ళే కదా. దడి అవతలే కాలవ. ఒకటే అరుపులు. చెంచయ్యకి అన్నం సయించలేదు. నీళ్ళపిట్టని నీళ్ళకి దూరం చేస్తే పాపం తగులుతుందన్నాడు. పోలమ్మ సంతకి పోయిన పూట దడి తీసేశాడు.

ఆమె తిరిగొచ్చేసరికి మందంతా కాలవలో తలలు ముంచి నత్తలేరుకుంటోంది. ఎంత సంతోషంగా ఉన్నాయో చూడమన్నాడు చెంచయ్య. నిజమే, సంతోషంగానే ఉన్నాయి. పోలమ్మ గంప దించి అలాగే నిలబడిపోయింది. తిట్టి ఉంటే బాగుండేదనిపించింది నాకు.

తర్వాత సగం మంద చచ్చింది. చచ్చినవాటిని నాలోనే వేసి గోతిదాకా మోశారు. సాంబారు బరువూ బాతుల బరువూ నాకొకటే. ఒకటేనని అనుకుంటున్నా.

డాక్టరమ్మ తనే వచ్చి, దడి ఎవరు తీశారని అడిగింది. చెంచయ్య ఒక అడుగు ముందుకేశాడు.

"నేనే తీసినానమ్మా. వాటి అరుపు వినలేకపోయినా," అంది పోలమ్మ.

డాక్టరమ్మ ఆమెని చెడామడా తిట్టి, మిగిలినవాటికి మళ్ళీ మందిచ్చి వెళ్ళింది. పోలమ్మ తలొంచుకుని ఆ తిట్లన్నీ పడింది.

మిగిలినవి తాగాయి, లేచాయి. ఇప్పుడు కాలవ వైపు మెడలు చాచి అరుస్తున్నాయి. పోలమ్మ కాపలా కూర్చోబోతే చెంచయ్య వద్దన్నాడు. తువ్వాలు చెవులకి బిగించి కట్టుకుని, దడికి వీపు ఆనించి తనే అడ్డంగా కూర్చున్నాడు. ఏడుస్తున్నాడు. లేవడం మాత్రం లేదు.