తూచని కవరు

నేను ఒక ఇత్తడి త్రాసును. సంతలో వంకాయలు తూచే రకాన్ని కాదు, ఉత్తరాలు తూచడానికే పుట్టాను. కార్ఖానాలో ఒక ముసలి పనివాడు ఆకురాయితో గీకుతూ, ఊపిరి బిగబట్టి చూస్తూ, నా రెండు పళ్ళేలూ సమంగా నిలిచేదాకా నన్ను వదల్లేదు. అక్కణ్ణించి గుంటూరు జిల్లాలో ఒక నేతగాళ్ళ ఊరి పోస్టాఫీసు బల్లమీదికి చేరాను.

నా పని తేలిక. ఒక పళ్ళెంలో కవరు, రెండో దాంట్లో తూనికరాయి. రాయి పైకి లేచిందంటే ఇంకో స్టాంపు అంటించాలి. అంటించకపోతే, తక్కువైనదానికి రెండింతలు ఉత్తరం అందుకునేవాళ్ళు కట్టాలి. వాళ్ళు కట్టకపోతే ఉత్తరం వెనక్కి వస్తుంది.

పోస్టుమాస్టరు పానకాలరావుగారు రోజూ పొద్దున్నే నన్ను తన కండువాతో తుడిచేవారు. ఎవరైనా ఇంకో స్టాంపు ఎందుకని పేచీ పెడితే నావైపు వేలు చూపేవారు.

"నా మాట కాదయ్యా, త్రాసు మాట. ఇది అబద్ధం చెప్పదు."

తిట్లు నాకు, మంచిపేరు ఆయనకి. అయినా ఆ ఒక్క మాటతో తిట్లన్నీ మర్చిపోయేదాన్ని.

ఏళ్ళ తరబడి నా పక్కన కూచుని ఆయనకో గర్వం పట్టుకుంది. కవరుని అరచేతిలో వేసుకుని, రెండుసార్లు ఎగరేసి తూకం చెప్పడం మొదలుపెట్టారు. చాలాసార్లు సరిపోయేది కూడా. చూసినవాళ్ళు మెచ్చుకునేవారు. మెప్పు అలవాటైన మనిషికి త్రాసుతో ఏం పని?

ఆ ఏడు శ్రావణమాసం ముందు నాంచారమ్మ వచ్చింది. వాళ్ళింట్లో మగ్గం ఎండాకాలం నించీ ఖాళీగా ఉంది. సికింద్రాబాదు చీరల వ్యాపారి ఎవరో మచ్చు పంపమన్నాడట. నచ్చితే పండగ సరుకంతా ఆమెకే. గుడ్డముక్కలు మడిచి పెట్టిన కవరు అందించి, "ఓసారి త్రాసులో పెట్టండి మాస్టారూ," అంది.

ఆయన కవరు ఎగరేశారు. "నా చెయ్యి ఉండగా త్రాసెందుకమ్మా? ఒక్క స్టాంపు చాలు."

"గంజి పెట్టిన గుడ్డండీ, బరువుంటది."

"నీకు నేను నేత నేర్పానా? నాకు నువ్వు తూకం నేర్పకు."

చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. జానెడు దూరంలో ఖాళీ పళ్ళేలతో నేను ఉన్నాను.

కవరు తిరిగొచ్చేసరికి శ్రావణం సగం అయిపోయింది. డబ్బు కట్టడానికి వ్యాపారి గుమాస్తా ఒప్పుకోలేదు. బేరం వేరే ఊరికి పోయింది. నాంచారమ్మ కవరు తెచ్చి బల్లమీద పెట్టింది. జనం చూస్తున్నారు. అప్పుడు పానకాలరావుగారు నామీద చెయ్యి వేశారు. రోజూ తుడిచే చెయ్యే.

"ఏం చేసేదమ్మా, ఈ పాడు త్రాసు చెడిపోయింది."

"అయితే ఇప్పుడు పెట్టండి."

అందరిముందూ కాదనలేక పెట్టారు. కవరు దిగింది, రాయి లేచింది. ఒక్క స్టాంపు చాలదని చెప్పాను.

"సరిగ్గానే చెప్పిందిగా?"

"ఒక్కోసారి చెబుతుందిలే," అన్నారాయన.

ఆ సాయంత్రమే నేను పనికిరానని పైవాళ్ళకి రాశారు. ఒక అట్టముక్కమీద 'తూకం తప్పు' అని రాసి, నా కుడి పళ్ళెం గొలుసుకి కట్టి, వెనకగదిలో పెట్టించారు.

కొన్నాళ్ళకి తలుపవతల నాంచారమ్మ గొంతు వినిపించింది. మరో వ్యాపారికి మచ్చు పంపుతోంది.

"పాతదేదండీ? దానిమీద తూచండి."

"కొత్తది వచ్చింది కదమ్మా."

"చెడిందేదో నాకు తెలుసులెండి. పాతదే తెండి."

తలుపు తెరుచుకుంటుందని చూశాను. చివరికి స్టాంపు చింపిన చప్పుడు మాత్రం వినిపించింది.

ఇప్పుడు పాతసామాను కొట్లో విరిగిన కుర్చీమీద ఉన్నాను. ఆ అట్టముక్క ఇంకా వేలాడుతూనే ఉంది. దాని బరువుకి నా కుడి పళ్ళెం కాస్త దిగింది. ఎవరైనా వచ్చి చూస్తే, పానకాలరావుగారు రాసింది నిజమే అనుకుంటారు.