సెలూన్ అద్దంలో పిన్ను

నేను ఒక అద్దాన్ని. నూజివీడు బస్టాండు వెనక సందులో, వీరాస్వామి సెలూన్ గోడకి ముప్పై ఏళ్ళు వేలాడాను. అడ్డంగా పెడితే మడతమంచమంత ఉంటాను. నన్ను విజయవాడలో కొన్నప్పుడు బెల్జియం అద్దమని చెప్పి వీరాస్వామికి అంటగట్టారు. నేను బెల్జియం మొహం ఎరగను. నా వెనక పూత పూసింది విజయవాడలోనే, అంచులు సానపట్టింది అక్కడే. నా బతుకు ఒక మనిషి అబద్ధంతో మొదలైంది. చివరిదాకా అలాగే నడిచింది.

నేను ఒంటరిగా రాలేదు. సెలూన్‌లో ఎదురెదురు గోడలకి రెండద్దాలు పెడతారు, కుర్చీలో కూర్చున్నవాడికి తన వెనక తల కూడా కనబడాలని. నా ఎదుట నా జోడు ఉండేది. దానిలో నేను, నాలో అది, అందులో మళ్ళీ నేను. అడుగు కనబడనంత లోతు. మధ్యలో మనుషులు వచ్చి కూర్చుని, గడ్డం గీయించుకుని, లేచి పోయేవాళ్ళు. మాకు వాళ్ళు అడ్డమే తప్ప మరేమీ కాదు. తెల్లవెంట్రుక కనబడితే అది నా మీద మరక అనుకుని వేలితో రుద్దిన పెద్దమనుషులున్నారు. మొటిమ వచ్చిందని నన్ను తిట్టిన పెళ్ళికొడుకులున్నారు.

వీరాస్వామి రోజూ కొట్టు తెరవగానే తడి పేపరుతో ఇద్దరినీ తుడిచేవాడు. ముందు నన్ను, తర్వాత దాన్ని. ఆ మనిషి మీద నాకు ఫిర్యాదు లేదు.

అతని చెయ్యి వణకడం మొదలైంది. ఒక పెద్దాయన చెవి దగ్గర గాటు పడ్డాక, ఎవరూ చెప్పకుండానే కత్తెర కింద పెట్టేశాడు. కొట్టు కొడుకు భాను చేతికి వచ్చింది. భాను కత్తెర పట్టలేదు. గేమింగ్ సెంటర్ పెట్టాడు. ఏసీ బిగించడానికి ఎదురు గోడకి డ్రిల్లు తెప్పించాడు. అద్దం దింపి పక్కన పెట్టరా అని వీరాస్వామి మొత్తుకుంటూనే ఉన్నాడు.

"ఏం కాదులే నాన్నా, చిన్న కన్నమేగా," అన్నాడు భాను.

చిన్న కన్నమే. నా జోడు పై మూల నుంచి కింది దాకా చీలి, ఒక్కసారిగా జారిపోయింది. ఊడ్చి, సిమెంటు సంచిలో పోసి, సందు చివర పడేశారు. అద్దం పగిలితే కొట్టుకి అరిష్టమని ఆ రోజు అందరూ తెగ బాధపడ్డారు. ఎదురుగా ఉన్న అద్దానికి ఏమైందని ఎవడూ అడగలేదు. నేను అది మరిచిపోలేదు. మరిచిపోయే ఉద్దేశం కూడా లేదు.

దాని చోట టీవీలు పెట్టారు. నా కింద, దువ్వెనలూ పౌడరు డబ్బా ఉండే బల్ల మీద కూడా టీవీలు పెట్టారు. రెండు వరసలవాళ్ళూ ఒకరికొకరు వీపు పెట్టి ఆడతారు. నా వైపు తిరిగి కూర్చున్నవాడు కాస్త తలెత్తితే చాలు, వెనక వరసవాళ్ళ తెరలన్నీ నాలో కనబడతాయి. ఈ సంగతి భానుకి తట్టలేదు. పాత సెలూన్ కుర్చీ ఒకటి గుమ్మం పక్కన మిగిలింది. వీరాస్వామి అందులో కూర్చునేవాడు. అతనికీ తట్టలేదు.

అక్కడ అందరూ ఎగబడి ఆడే ఆట ఒకటుంది. పాడుబడిన రాజ్యం, కోటలు, శవాల్లాంటి సైనికులు, నిప్పు కక్కే పాములు. ఎవరి లోకం వారిది. ఆ లోకం యజమానిని హోస్ట్ అంటారు. పిలిస్తే వచ్చే స్నేహితులు మ్యాప్ మీద నీలం చుక్కలుగా కనబడతారు. పిలవకుండా చంపడానికి వచ్చేవాడు ఇన్వేడర్. మొదట్లో వాడు కూడా ఎర్ర చుక్కగా కనబడేవాడట. తర్వాత ఆట తయారుచేసినవాళ్ళు ఆ చుక్క తీసేశారు. ఇప్పుడు ఇన్వేడర్‌ని కళ్ళతో వెతుక్కోవాల్సిందే. ఇంకొకటి, మ్యాప్ మీద ఎవరికి వారు గుర్తుకోసం పిన్ను పెట్టుకోవచ్చు. పెట్టినవాళ్ళకే అది కనబడుతుంది.

ఆ ఎర్ర చుక్క గురించి నేను విన్న గోల ఇంతా అంతా కాదు. ఒకడు హోస్టుగా ఆడేటప్పుడు "చుక్క తీసేస్తే ఎలా చస్తాంరా, ఇదేం ఆట!" అని అరుస్తాడు. వాడే పావుగంట పోయాక ఇన్వేడర్‌గా వెళ్ళి, "హమ్మయ్య, చుక్క లేదు కాబట్టి బతికాం," అంటాడు. నోరు అదే, కుర్చీ కూడా అదే. ఎదుటివాడు అందరికీ కనబడాలి, తను మాత్రం ఎవరికీ కనబడకూడదు. ముప్పై ఏళ్ళు నా ముందు కూర్చున్నవాళ్ళకీ వీళ్ళకీ గడ్డం తప్ప తేడా లేదు.

కెజియా పాలిటెక్నిక్‌లో చదివే పిల్ల. కాలేజీ అయ్యాక వచ్చేది. ఎప్పుడూ వెనక వరసలోనే కూర్చునేది, నాకు వీపు పెట్టి. ఇన్వేడర్‌గా ఆమెకి సాటి ఆ ఊళ్ళో లేరు. గోడ నీడలో నిలబడితే గోడలాగే ఉండేది. హోస్టులు ఆమె పక్కనుంచే నడిచిపోయి, వీపున కత్తి దిగాక కేకపెట్టేవాళ్ళు.

మణిదీప్ మామిడికాయల కమిషన్ కొట్టువాళ్ళబ్బాయి. ఆమె చేతిలో చచ్చి చచ్చి విసిగిపోయాడు. ఒకరోజు మెడ నొప్పెట్టి తల పైకెత్తాడు. నాలో ఆమె తెర చూశాడు. నన్ను చూసి ఒక మనిషి అంత సంతోషపడటం పెళ్ళికొడుకుల్లో కూడా చూడలేదు నేను.

మొదట్లో తప్పులు చేశాడు. నాలో కుడి ఎడమవుతుంది. ఆమె తూర్పు బురుజు మీద ఉంటే ఇతను పడమటి బురుజు ఎక్కేవాడు.

"ఏరా, ఖాళీ బురుజుకి వాచ్‌మన్ డ్యూటీనా?" అని పక్కవాడు నవ్వేవాడు.

నేర్చుకున్నాడు. మోసమైతే మనిషి ఎంత శ్రద్ధగా చదువుతాడో! అప్పటినుంచి కెజియా ఎక్కడ దాక్కుంటే అక్కడికి తిన్నగా వచ్చేవాడు. చెట్టు చాటున ఉంటే చెట్టు మీదికి బాణం. నీళ్ళలో మునిగితే గట్టున ఎదురుచూపు.

"కెజియా, దాక్కోవడం కూడా నేనే నేర్పాలా?" అనేవాడు. "పోనీ ఒక గంట కట్టుకో మెడకి. వెతకడానికి నాకు సులువుగా ఉంటుంది."

అందరూ నవ్వేవాళ్ళు. ఆమె నవ్వేది కాదు. నేను చెప్పలేను. చూపించడమే నా పని. ఎవడు చూస్తే వాడికి చూపిస్తాను. దొంగ కళ్ళు వేరు, దొర కళ్ళు వేరు అని నాకు ఎవరూ చెప్పలేదు. చెప్పినా నేను చేయగలిగింది లేదు. చిరాకుతో నల్లబడటం తప్ప.

అప్పుడే విజయవాడలో పోటీ అన్నారు. సెంటర్ తరఫున ముగ్గురి జట్టు. భాను, అతని స్నేహితుడు ఒకడు, మూడో చోటు ఖాళీ. ఆ చోటు కెజియాకి కావాలి. మణిదీప్‌కీ కావాలి. ఇద్దరూ మూడు ఆటలు ఆడండి, గెలిచినవాళ్ళు వస్తారు అన్నాడు భాను. మణిదీప్ హోస్ట్, కెజియా ఇన్వేడర్.

ముందు రోజు ఆమె గుమ్మం దగ్గర ఆగింది.

"నా చెయ్యి పోయింది తాతా," అంది వీరాస్వామితో. "ఎక్కడ దాక్కున్నా దొరికిపోతున్నా. రేపు రానని భాను అన్నకి చెప్పెయ్."

వీరాస్వామి తన చేతులు రెండూ ముందుకు చాపాడు. అవి వణుకుతున్నాయి.

"చెయ్యి పోవడమంటే ఇదీ అమ్మాయ్. నీ వేళ్ళు రోజూ చూస్తున్నాను. పోలేదు. వేరే ఏదో ఉంది. వచ్చి ఆడు."

వచ్చింది. సెంటర్ నిండా జనం. మొదటి ఆట తొందరగానే అయిపోయింది. ఆమె పాడుగుడి పైకప్పు మీద పడుకుని ఉంది. మణిదీప్ అటూ ఇటూ చూసినట్టు నటించి, నిచ్చెనెక్కి వచ్చి పొడిచాడు.

"గంట కట్టుకోమన్నానా లేదా?" అన్నాడు.

కెజియా నీళ్ళ సీసా తీసుకుని ఇటు తిరిగింది. అంతకుముందు ఎప్పుడూ తిరగలేదు. సీసా నోటి దగ్గరే ఆగిపోయింది. తన పేరు తెర మీద ఇంగ్లీషు అక్షరాల్లో ఉంది. అదే పేరు మణిదీప్ తలకి పైన, నాలో, తిరగబడి ఉంది. ఆమె నన్ను చూసింది. నాలో తన తెరని చూసింది. తర్వాత అతని మెడ వెనక భాగాన్ని చాలాసేపు చూసింది. సీసా మూత బిగించి, వెళ్ళి కూర్చుంది.

రెండో ఆటలో ఆమె మ్యాప్ తెరిచింది. కోట మధ్యలో ఉన్న దిగుడుబావి మీద పిన్ను పెట్టింది. పెట్టిన పిన్నుని పెద్దది చేసి, తీరిగ్గా అలాగే ఉంచింది. మణిదీప్ కళ్ళు పైకి లేచాయి, దిగాయి. ఆమె బావి వైపు కొంత దూరం నడిచింది. అతను మళ్ళీ చూశాడు. ఇంక చూడక్కర్లేదనుకున్నాడు. ఆమెకంటే ముందు బావి దగ్గరికి చేరి, మెట్ల పక్కన విల్లు ఎక్కుపెట్టి కూర్చున్నాడు. అప్పుడు ఆమె దారి మార్చింది. వంతెన కిందినుంచి చుట్టు తిరిగి, అతని వెనకగా వచ్చి, పొడవలేదు. కాలితో ఒక్క తోపు తోసింది. మణిదీప్ బావిలో పడ్డాడు. అడుగు తగిలేదాకా చాలాసేపు కేక పెట్టాడు, తెర మీద.

కుర్చీలో కూడా పెట్టాడు.

"ఏయ్, ఇది అన్యాయం! బావి దగ్గర పిన్ను పెట్టి వంతెన కిందనుంచి రావడమేంటి?"

కెజియా రిమోట్ ఒళ్ళో పెట్టుకుంది. వెనక్కి తిరగలేదు.

"ఏ పిన్ను?"

"అదే, నువ్వు బావి మీద పెట్టిన..."

"నా పిన్ను నా మ్యాప్‌లోనే కనిపిస్తుంది మణిదీప్. నీకెలా కనిపించింది?"

మూల టీవీలో ఏదో పాము నిప్పు కక్కుతూనే ఉంది. మణిదీప్ తలెత్తాడు, అలవాటు చొప్పున, నా వైపే. అందరి తలలూ అతని వెంట లేచాయి. గది గదంతా నాలోకి చూసింది.

సిగ్గుతో చచ్చిపోతాడనుకున్నాను. మనుషుల్ని ముప్పై ఏళ్ళు చూసి కూడా అలా అనుకోవడం నా బుద్ధి తక్కువ.

"అద్దం పెట్టింది మీరు. కనబడితే చూడనా? కళ్ళు మూసుకుని ఆడమంటారా?" అన్నాడు.

"నిజమేలే భానూ, ఎవరైనా చూస్తారు," అన్నాడు ఒకడు.

"అసలు గేమింగ్ సెంటర్‌లో అద్దమేంటన్నా!" అన్నాడు ఇంకొకడు.

అంతే. తీర్పు అయిపోయింది. చూసినవాడిది తప్పు కాదు. చూపించినదానిది తప్పు.

భాను బుర్ర గోక్కున్నాడు. "మణీ, నువ్వు చేసింది బాలేదు. సరే, మూడో ఆట అద్దం మీద గుడ్డ కప్పి ఆడండి."

గుడ్డ కప్పారు. అందుకని ఆ ఆట నేను చూడలేదు. వినడమే. ఎంతోసేపు పట్టలేదు. మణిదీప్ "ఎక్కడుంది? ఎక్కడుంది?" అంటూనే ఉన్నాడు. కెజియా గొంతు ఒక్కసారే వినబడింది.

"గంట కట్టుకోవడం మరిచిపోయాను."

చప్పట్లు. మూడో చోటు ఆమెది.

మర్నాడు నన్ను దింపారు.

"ముప్పై ఏళ్ళు నా కొట్టులో ఉంది. ఒక్కడి గుట్టు బయటపెట్టలేదురా అది. చూసినవాణ్ణి ఒక్క మాటతో వదిలేసి, దీన్ని దించుతావా?" అన్నాడు వీరాస్వామి.

"నెల నెలా పాస్ కడతాడు నాన్నా వాడు. అద్దం ఏం కడుతుంది?"

వీరాస్వామి పేపరు తడిపి తెచ్చాడు. వణికే చేత్తో నన్ను చివరిసారి తుడిచాడు. తర్వాత, పాత అలవాటు, ఎదురు గోడ వైపు తిరిగాడు. అక్కడ టీవీలున్నాయి. పేపరు నలిపి చేతిలోనే పట్టుకున్నాడు.

ఇప్పుడు బైపాస్ రోడ్డు పక్కన పాతసామాన్ల కొట్టులో ఉన్నాను. తుప్పు పట్టిన కూలర్లకీ ఒక విరిగిన ఊయలకీ మధ్య, రోడ్డుకి ఎదురుగా ఆనించారు. దుమ్ము తుడిచేవాళ్ళు లేరు. విజయవాడలో కెజియా గెలిచిందో ఓడిందో ఇక్కడికి కబురు రాలేదు. ఎవరినీ అడగలేను.

మొన్న మణిదీప్ బండి ఇక్కడ ఆగింది. హెల్మెట్ తీసి, నా ముందు నిలబడి, జేబులోంచి దువ్వెన తీశాడు. నన్ను గుర్తుపట్టలేదు. నన్ను అతను ఎప్పుడు చూశాడు కనక! జుట్టు దువ్వుకుంటూనే చూపు తన మొహం మీద నిలవలేదు. భుజం పక్కనుంచి జారి, నాలో వెనక్కి, దూరంగా, ఇంకెవరి తెర కోసమో వెతికింది.

వెనక రోడ్డు తప్ప ఏమీ లేదు. దువ్వెన జేబులో పెట్టుకుని పోయాడు.